చిన్న లీగుల మైదానము



నేడు నేను చెప్పబూనినది ఒక విదేశపు ఆటను గూర్చి. పంటలను గూర్చియో, పురాణమును గూర్చియో వినవలయునని కూర్చుండినవారికి ఇది వింతగా తోచవచ్చును. కాని సోమేశ్వరస్వామి గుట్టక్రింద నున్న మన యూరినుండియు, బమ్మెర, వల్మిడి మొదలైన చుట్టుపట్ల గ్రామములనుండియు అమెరికాకు పోయి స్థిరపడిన కుటుంబములు నేడు అరుదుగా లేవు. అచ్చట పుట్టిన మనుమలు ఫోనులో తాతలతో మాటలాడునపుడు ఒక ఆట పేరు మాటిమాటికి చెప్పుచుందురు. ఆ పేరు బేస్‌బాలు. మనము "మంచిది నాయనా" యని ఊరకుందుము. ఆ యూరకుండుట చాలని సందర్భము మా కుటుంబమున నొకటి వచ్చినది గనుక నేను దీనిని కొంత విచారింపవలసి వచ్చెను.

ఆటలను గూర్చి మాటలాడుట పెద్దలకు తగదని యనుకొనవలదు. ఈ యూరి పేరునే యింటిపేరుగా ధరించిన పాల్కురికి సోమనాథుడు శివభక్తుల చరిత్రము వ్రాయుచు గూడ తన కాలపు బాలుర ఆటలను పేర్కొనక విడువలేదు.

బేస్‌బాలు మన చిర్రగోనెకు దూరపు బంధువు వంటిది. చేత కర్ర యుండును. కొట్టుట, పరుగెత్తుట, పట్టుకొనుట యున్నవి. ఒక్కొక్క పక్షమున తొమ్మండుగురు. మైదానములో 90 అడుగుల భుజములు గల యొక చతురస్రము గీయుదురు. దాని నాలుగు మూలలను బేసు లందురు. ఒకడు 60 అడుగుల 6 అంగుళముల దూరమునుండి బంతి విసరును. కొట్టువాడు దానిని కొట్టి మొదటి బేసునకు పరుగెత్తును. బంతి వానికంటె ముందుగా అచ్చటి కావలివాని చేతికి చేరినచో వాడు ఔటు. నాలుగు మూలలు చుట్టి వచ్చినచో ఒక పరుగు. మూడుమారులు బంతిని తప్పినవాడు కొట్టకయే ఔటగును. ఇంతకుమించిన సూక్ష్మములు మనకు నేడు అవసరము లేదు.

రెండవ మూడవ బేసుల నడుమ నిలుచువానిని షార్టుస్టాపు అందురు. తక్కిన మూలలకు ఒక్కొక్కడు కావలి యుండును. వీనికి మాత్రము తనదని చెప్పుకొనుటకు మూల లేదు. చెరువునీరు వదలిన రాత్రి ఏ గట్టు తెగునో యని పార భుజమున వేసికొని తిరుగు నీరటికాని వంటి వాడు వీడు. కుడిచేతివాటము వారు కొట్టిన బంతులలో ఎక్కువపాలు వీని దిక్కునకే దొర్లివచ్చును. పరుగెత్తువాడు నాలుగు సెకండ్లకు కొంచెము హెచ్చు కాలములో మొదటి బేసు చేరును. ఆ లోపలనే వీడు వంగి బంతి నందుకొని, లేచి, మైదానమున కడ్డముగా గురితప్పక విసరవలయును. పట్టినపుడు చూచువారు మరచిపోవుదురు. జారినపుడు మైదానమంతయు చూచును. నా యభిప్రాయమున ఆ తొమ్మండుగురిలో మిక్కిలి కష్టమైన కొలువు ఇదియే.

ఇక ఈ యాటవారి బ్రతుకు సంగతి. మనకు వార్తాపత్రికలలో కనబడువారు మేజరు లీగు వారు. ఆ లీగున 30 జట్లు, జట్టునకు 26 గురు. అనగా ఎనిమిదివందల మందికి కొంచెము తక్కువ. ఆ యంతస్తు చేరుటకు క్రింద మెట్లు మెట్లుగా చిన్న లీగు లున్నవి. ప్రతి మేజరు జట్టునకును క్రింద నాలుగు చిన్న జట్లు అనుబంధముగా నుండును, అన్నియు గలిసి 120. వీనికిని క్రింద కొత్తవారికొరకు శిక్షణజట్లు వేరుగా గలవు. ప్రతి సంవత్సరము బడులనుండియు కళాశాలలనుండియు కుఱ్ఱవాండ్రను వరుసగా ఎన్నుకొని ఈ మెట్లమీద నిలుపుదురు. అట్లు నిలిచినవారిలో చాలమంది పైమెట్టు చూడకయే యింటికి పోవుదురు.

జీతములు విని నేను మొదట నమ్మలేదు. 2022 వరకు అన్నిటికంటె క్రింది మెట్టున ఆడువానికి సంవత్సరమునకు కనిష్ఠవేతనము 4,800 డాలర్లు. పైమెట్టున నున్నవానికి 17,500. అమెరికాలో దీనితో ఇంటి అద్దెయైనను గడవదు. రాత్రి ఆట, ఆటకాగానే బస్సు, తెల్లవారి మరియొక యూరు. ఆటగాండ్రు సంఘముగా జేరి 2023లో మొదటి ఒడంబడిక చేసికొనిన పిమ్మట ఆ మొత్తములు 19,800, 35,800 అయినవి. అదే సంవత్సరము మేజరు లీగు కనిష్ఠవేతనము 7,20,000 డాలర్లు. ఒక మెట్టు ఎక్కినవానికిని ఎక్కనివానికిని నడుమ ఇరువదిరెట్ల భేదము! మన యూళ్లలో జమీందారునకు పాలేరునకు గల భేదమును గూర్చి మాటలాడిన మనము దీనిని ఏమనవలెనో తెలియదు.

ఈ మెట్లకు వెలుపల స్వతంత్ర లీగులని మరికొన్ని గలవు. వానికి పై జట్లతో సంబంధము లేదు. ఎన్నికకు రానివారును, ఒకసారి ఎన్నికై తొలగింపబడినవారును అందు ఆడుదురు. ఇచ్చట జీతము మరింత స్వల్పము, అదియు ఆట జరుగు నెలలకే. పెక్కుచోట్ల ఆ యూరి గృహస్థులు ఆటగానికి తమ యింట నొక గది యిచ్చి పెట్టుకొందురు. ఇది విన్నపుడు నాకు మన పూర్వపు వారాలబ్బాయిలు జ్ఞప్తికి వచ్చిరి. ఇంటికొక దినము భోజనముచేసి చదువుకొని పైకి వచ్చినవారిని మన తరమువారు చూచియే యున్నారు గదా.

మా తమ్ముని కుమారుని పిల్లవాడు అచ్చట కళాశాలలో షార్టుస్టాపుగా ఆడెను. చదువు ముగిసినది. ఎన్నికలో పేరు రాలేదు. ఎన్నికయే మునుపటివలె లేదు: 2019 వరకు 40 వరుసలుగా ఎన్నుకొనువారు 2021 నుండి 20 వరుసలకే నిలిపిరి, చిన్న జట్లును 160 నుండి 120 కి తగ్గించిరి. ఈ పిల్లవానిని ఒక స్వతంత్ర లీగు జట్టు రమ్మని పిలిచెను. తండ్రికి అది అవమానముగా తోచినది. "పెదబాపూ, కూలికన్న తక్కువ పైసలకు బస్సులల్ల తిరుగుతనంటున్నడు, నువ్వైనా వానికి జెప్పు" అని నాకు ఫోను చేసెను. మరునాడు పిల్లవాడు చేసెను. "తాతా, రెండేండ్లు ఆడనియ్యుమని మా నాయినకు జెప్పు" అని వాని కోరిక. ఇద్దరికిని నేనే పెద్దను. తెలియని విషయమున తీర్పు చెప్పరాదు గనుక వారము దినములు గడువడిగి, తెలిసినవారి నడిగి, కుమార్ రాకర్ అను ఆటగాని చరిత్రము సాంతముగా చదివితిని.

కుమార్ రాకర్ షార్టుస్టాపు కాడు, బంతి విసరువాడు. 1999 నవంబరులో జన్మించెను. తండ్రి ట్రేసీ రాకర్ నల్లజాతివాడు, అమెరికా ఫుట్‌బాలులో పేరు మోసినవాడు. తల్లి పేరు లలిత. ఆమె తల్లిదండ్రులు భారతదేశమునుండి అచ్చటికి వలసపోయినవారు. లలిత, కుమార్ అను పేర్లు మన వాకిళ్లలో పిలుచుకొనెడివే.

ఈతనిని 2018లోనే ఒక మేజరు జట్టు 38వ వరుసలో ఎన్నుకొనెను. అంత వెనుక వరుసలో పోవుట యిష్టము లేక వాండర్బిల్ట్ విశ్వవిద్యాలయమున జేరెను. 2019 జూన్ 8న డ్యూక్ విశ్వవిద్యాలయముపై నాడిన ఆటలో ప్రత్యర్థులను ఒక్క మంచి దెబ్బయైనను కొట్టనీయలేదు. ఆటకు 27 గురు ఔటు కావలయును. అందులో 19 మందిని ఈతడొక్కడే బంతి తాకనీయక పంపివేసెను. అప్పటికి వాని వయస్సు ఇంకను ఇరువది నిండలేదు. ఆ దినము వాని వెనుక నిలిచిన షార్టుస్టాపునకు పని చాల తక్కువగా నుండి యుండును! ఆ సంవత్సరమే వాండర్బిల్ట్ జాతీయ విజేత యయ్యెను.

2021 జూలైలో న్యూయార్కు మెట్సు జట్టువారు ఈతనిని పదియవవానిగా ఎన్నుకొనిరి. 60 లక్షల డాలర్లకు మాట కుదిరినదని వార్త. తరువాత వైద్యపరీక్ష జరిగినది. చేతి విషయమై శంక కలిగి, జట్టువారు గడువులోపల ఒప్పందము వ్రాయక విడిచిరి. దేశమంతయు చూచుచుండగా పెండ్లిపీటలమీదినుండి లేపినట్లయినది. ఆ సెప్టెంబరులో భుజమునకు చిన్న శస్త్రచికిత్స చేయించుకొనెను.

మరల విశ్వవిద్యాలయమునకు పోవచ్చును; పోలేదు. 2022 మే నెలలో ట్రై సిటీ వ్యాలీక్యాట్సు అను జట్టులో జేరెను. ఈ జట్టు న్యూయార్కు రాష్ట్రములోని ట్రాయ్ పట్టణమున నున్నది. దీని కథయు కొంచెము చెప్పవలయును. 2020 వరకు ఇది హ్యూస్టన్ జట్టునకు అనుబంధముగా నుండెడిది. చిన్న జట్లను తగ్గించినపుడు దీనిని తొలగించిరి. ఊరివారు మైదానమునకు తాళము వేయక, 2021లో ఫ్రాంటియర్ లీగు అను స్వతంత్ర లీగులో చేరిరి. త్రోసివేయబడిన జట్టు, విడువబడిన ఆటగాడు ఇట్లు కలిసిరి.

అచ్చట ఈతడు ఆడినవి అయిదే ఆటలు. 20 భాగములలో 32 మందిని బంతి తాకనీయక ఔటుచేసెను. లెక్క చూచువారు మైదానపు మెట్లమీద కాగితము పట్టుకొని కూర్చుండిరి. చేయి బాగుగ నున్నదని వైద్యుని కాగితము చెప్పినదానికంటె ఈ అయిదాటలు గట్టిగా చెప్పినవి. జూలైలో టెక్సాసు రేంజర్సు జట్టువారు మూడవవానిగా ఎన్నుకొని 52 లక్షల డాలర్లు ఇచ్చిరి. మునుపు పదియవవాడు, ఇప్పుడు మూడవవాడు.

ఇచ్చటనే కథ ముగించినచో వినుటకు బాగుగ నుండును. కాని 2023 మే నెలలో, క్రింది లీగున ఆడుచుండగా, మోచేతి నరము చెడినది. శరీరములోని మరియొక చోటినుండి నరము తీసి మోచేతికి కట్టు చికిత్స చేసిరి. దీనిని టామీ జాన్ చికిత్స యందురు. 1974లో డాక్టరు ఫ్రాంకు జోబ్ మొట్టమొదట ఆ పేరుగల ఆటగానికి చేసెను, ఆ యాటగాడు 1989 వరకు ఆడెను. కుమార్ సంవత్సరమునకు పైగా బంతి పట్టక, 2024 వేసవిలో మరల అడుగుమెట్టునుండి మొదలిడి, పైకెక్కి, సెప్టెంబరు 12న సియాటిల్ నగరమున మేజరు లీగులో మొదటిసారి నిలిచెను. నాలుగు భాగములు విసరి ఏడుగురిని పంపెను, ఒక్క పరుగు మాత్రమే యిచ్చెను. 2025లో భుజపు నొప్పిచే కొంతకాలము ఆగి, ఆగస్టులో మరల చిన్న లీగునకు పంపబడెను. మెట్లు ఎక్కుటకేగాక దిగుటకును ఉపయోగపడునని నే నప్పుడు గ్రహించితిని.

మా తమ్ముని కుమారుడు దీనికి బదులు చెప్పెను: "వాడు కోట్లు తీసుకున్నోడు, మనోనికి ఎవ్వలిస్తరు?" ఆ మాట నిజము. లక్షలు పొందినవానిని చూపి పొందనివానిని ఊరడించుట న్యాయము కాదు. అందువలన నేను మన హైదరాబాదు క్రికెట్టు ఆటగాడు ఎం. వి. నరసింహారావుగారిని జ్ఞాపకము చేసితిని. సికింద్రాబాదున పుట్టిన ఆయన దేశము తరపున ఆడిన టెస్టులు నాలుగే. కాని 1986-87లో ఆయన నాయకత్వముననే హైదరాబాదు రంజీ ట్రోఫీ గెలిచెను. పిమ్మట ఉత్తర ఐర్లండు పోయి చిన్న చిన్న క్లబ్బుల పిల్లలకు ఆట నేర్పుచు అచ్చట గౌరవము పొందెను. నాలుగు టెస్టుల మనిషి యని ఆయనను కొలుచుట సరికాదని నా మనవి.

ఇచ్చట ఒక మాట పక్కకు తొలగి చెప్పెదను. మన పల్లెపిల్లలకు బడిమైదానమునకును హైదరాబాదునకును నడుమ మెట్లే లేవు. కబడ్డీలో కొంచెము ఉన్నవి, తక్కినవానిలో అంతయు లేదు. పదునెనిమిదేండ్లు నిండగానే ఆటగాడు ప్రేక్షకు డగుచున్నాడు. ట్రాయ్ వంటి యూళ్లలో నాలుగువేలకు పైగా జనము కూర్చుండు మైదానము నొకదానిని ఊరివారు నిలుపుకొనుచున్నారు. మన దగ్గర జాతరకు పందిళ్లు వేయు చందాలలో పదియవ వంతు చాలును, మండలమునకొక మైదానము చదునుచేసి ఏటా పోటీలు జరుపుటకు. ఈ సంగతి గ్రామసభలో నెత్తుటకు తమరికంటె తగినవారు లేరు.

పిల్లవాని విషయమై నేను చెప్పినది యిది. రెండు వేసవులు మాత్రమే ఆడవలయును. అంతలో అనుబంధ జట్టు పిలువనిచో విద్యకు తగిన ఉద్యోగమున జేరవలయును. ఆటలేని నెలలలో ఇంట కూర్చుండక పని చేయవలయును. భుజమును, మోకాళ్లను ముందే మంచి వైద్యునిచేత చూపించుకొని, కాగితము దాపరికము లేక తండ్రికి చూపవలయును. తండ్రికిని ఒక షరతు పెట్టితిని: కొడుకును వారించుటకు ముందు ఒక్క ఆటయైనను, మొదటినుండి చివరవరకు, మైదానములో కూర్చుండి చూడవలయును. పిల్లవాడు నా షరతులన్నిటికిని ఒప్పుకొని బస్సెక్కినాడు. వాని తండ్రి మాత్రము పని తెమలలేదనుచున్నాడు. ఆటలు ఇంకను నెలదినములు గలవు.