ఊరు కార్పొరేషన్‌లో కలిస్తే రైతుకేం మిగులుతుంది?
(గోదావరిఖని రైతు సభలో చేసిన ప్రసంగం)



రామగుండం 2009లో మున్సిపల్ కార్పొరేషన్ అయింది. బొగ్గు, కరెంటు ఇచ్చే పట్నమని దేశమంతా ఎరుగును. దాని అంచుల్లో వరి, పత్తి పండించే మనం కూడా ఉన్నామని గుర్తుచేయాల్సిన రోజులివి.

ఊరు పట్నంలో కలిస్తే రోడ్లు, వీధిదీపాలు వస్తాయంటారు. రావాలి, మనం వద్దనం. కానీ పోయేవేంటో కూడా లెక్కేద్దాం. ఉపాధి హామీ చట్టం పల్లెలకే. ఊరి పేరు మారితే కూలీకి ఆ పని పోతుంది, ఆకలి మాత్రం పోదు. 2018 పంచాయతీరాజ్ చట్టం ప్రకారం రెండు నెలలకోసారి గ్రామసభ పెట్టాలి. అక్కడ ఏ రైతైనా లేచి లెక్క అడగొచ్చు. కార్పొరేషన్‌లో మేయర్‌ను ఎన్నుకునేది కార్పొరేటర్లు. మనం ఎక్కడ అడగాలి?

దారి ఉంది. 2019 మున్సిపల్ చట్టం ప్రతి వార్డుకూ నాలుగు కమిటీలు పెట్టమంది: యువకులు, మహిళలు, వయోవృద్ధులు, ప్రముఖ పౌరులు. ఒక్కోదానిలో 15 మంది. అంటే వార్డుకు 60 మంది. ఆ 60లో రైతులు, కూలీ అక్కలు ఎందరని అడుగుదాం. లేకపోతే పేర్లు మనమే రాసిద్దాం. పొలంబాట, కాలువ పూడిక, చేలల్లోకొచ్చే మురుగునీళ్లు, ఈ మూడూ ప్రతి కమిటీ ముందు పెడదాం.

పన్ను కట్టే చేతికి లెక్క అడిగే హక్కుంది. వార్డు వార్డుకూ కదులుదాం!