మిథాలీ రాజ్ చివరి ఏడాది: లోటు ఎలా తీరింది?

(పూర్వ విద్యార్థుల సంఘం స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఆటల గురించి నాలుగు మాటలు మాట్లాడమని సంఘం వాళ్లు నాకు అప్పగించారు. ఈ హాల్లో ఒకసారి చూపు తిప్పితే సగం మంది రిటైరైన వాళ్లు కనిపిస్తున్నారు. మిగతా సగంలో చాలామంది పెన్షన్ లెక్కలు వేసుకుంటున్న వాళ్లే. అందుకని ఈ రోజు కప్పు గెలిచిన కథ కాకుండా, ఒక పెద్ద క్రీడాకారిణి ఆట మానేసే ఏడాదిలో ఆమె జట్టు ఎలా ఆడింది, ఆమె వెళ్లాక ఏమైంది అనే కథ చెప్తాను. ఆమె మిథాలీ రాజ్.

మిథాలీది తమిళ కుటుంబం. పుట్టింది జోధ్‌పూర్‌లో, పెరిగింది సికింద్రాబాద్‌లో. నాన్న ఎయిర్‌ఫోర్స్ ఉద్యోగి. చిన్నప్పుడు భరతనాట్యం నేర్చుకున్న పిల్ల, బ్యాట్ పట్టుకుంది. 1999 జూన్ 26న ఇంగ్లండ్‌లోని మిల్టన్ కీన్స్‌లో ఐర్లండ్ మీద తొలి వన్డే ఆడి 114 పరుగులు చేసి నాటౌట్‌గా నిలిచింది. అప్పటికి ఆమెకు 16 ఏళ్లు. మన లెక్కలో టెన్త్ పాసై ఇంటర్లో చేరే వయసు. 2002లో టాంటన్‌లో ఇంగ్లండ్ మీద టెస్టులో 214 చేసింది.

అప్పుడు మహిళా క్రికెట్ బీసీసీఐ కింద లేదు. 2006లో గానీ అందులో కలవలేదు. 2005 ప్రపంచకప్‌లో మన అమ్మాయిలు ఫైనల్ దాకా వెళ్లారు. ఆ టోర్నీలో తమకు ముట్టింది మ్యాచ్‌కు వెయ్యి రూపాయలని మిథాలీయే తర్వాత ఒక ఇంటర్వ్యూలో చెప్పింది. అలాంటి రోజుల నుంచి మొదలుపెట్టి 23 ఏళ్లు ఆడింది. 232 వన్డేలు, 7,805 పరుగులు, సగటు 50కి పైన. ఆరు ప్రపంచకప్‌లు ఆడింది. మగవాళ్లలో కూడా ఆరు ఆడినవాళ్లు ఇద్దరే, సచిన్, మియాందాద్.

ఇక ఆఖరి ఏడాది దగ్గరికి వస్తాను. 2021 నాటికి ఆమెకు 38 ఏళ్లు, వన్డే జట్టుకు కెప్టెన్. ఆ ఏడాది మార్చిలో అంతర్జాతీయ క్రికెట్‌లో పది వేల పరుగులు దాటింది. జూలైలో వూర్స్‌టర్‌లో ఇంగ్లండ్ మీద 75 నాటౌట్‌తో చివరి ఓవర్లో మ్యాచ్ గెలిపించింది. అదే మ్యాచ్‌లో షార్లెట్ ఎడ్వర్డ్స్‌ను దాటి, మహిళల్లో అన్ని ఫార్మాట్లలో కలిపి అత్యధిక పరుగులు చేసిన బ్యాటర్ అయింది. ఇన్ని చేసినా మాటలు తప్పలేదు. ‘నిదానంగా ఆడుతోంది, ఆట మారిపోయింది, ఇంకా ఎందుకు?’ అన్నారు. మన ఇళ్లలో, ఆఫీసుల్లో పెద్దవాళ్ల గురించి వెనక అనే మాటలే ఇవి.

ఆ మాటల్లో నిజం అసలు లేదని నేనను. షెఫాలీ వర్మ లాంటి పిల్లలు మొదటి ఓవర్లోనే సిక్సర్ కొట్టే కాలం వచ్చింది. ఆ షెఫాలీ పుట్టింది 2004లో. మిథాలీ మొదటి సెంచరీ కొట్టేనాటికి ఆ పిల్ల ఇంకా పుట్టనే లేదు. ఇద్దరూ ఒకే డ్రెస్సింగ్ రూమ్‌లో కూర్చున్నారు. కెప్టెన్‌కు ముప్పై తొమ్మిదేళ్లు, ఓపెనర్‌కు పద్దెనిమిది. అలాంటి జట్టును నడపడం ఎంత కష్టమో ఉమ్మడి కుటుంబంలో ఉన్నవాళ్లకు చెప్పక్కర్లేదు.

ఆ సీజన్ సాఫీగా సాగలేదు. సొంతగడ్డపై దక్షిణాఫ్రికా చేతిలో వన్డే సిరీస్ 4-1తో పోయింది. ఇంగ్లండ్‌లో 2-1తో పోయింది. సెప్టెంబర్‌లో ఆస్ట్రేలియా వెళ్లారు. మెకాయ్ అనే ఊళ్లో రెండో వన్డే. ఆఖరి బంతికి క్యాచ్ పట్టి మనవాళ్లు సంబరాలు మొదలుపెట్టారు. బంతి నడుము కంటే ఎత్తులో వచ్చిందని నోబాల్ ఇచ్చారు. మళ్లీ వేయాల్సి వచ్చింది, మ్యాచ్ పోయింది. ఆ బంతి వేసింది ఝులన్ గోస్వామి. జట్టులో మిథాలీ తర్వాత సీనియర్ ఆమే. రెండు రోజులకే అదే మైదానంలో మూడో వన్డే. ఝులన్ మూడు వికెట్లు తీసి, గెలుపు పరుగులు కూడా తానే కొట్టింది. వరసగా 26 వన్డేలు గెలుస్తూ వచ్చిన ఆస్ట్రేలియాకు అక్కడ అడ్డుకట్ట పడింది. ఈ నోబాల్ సంగతి గుర్తుపెట్టుకోండి. మళ్లీ వస్తుంది.

2022 మార్చిలో న్యూజిలాండ్‌లో ప్రపంచకప్. ఇక్కడ ఒక చిన్న లెక్క చెప్తాను, మన లెక్కల సార్లు కూడా చూడండి. భారత్ ఏడు మ్యాచ్‌లు ఆడింది. మూడు గెలిచి నాలుగు ఓడింది. గెలిచిన మూడింటిలో మిథాలీ చేసిన పరుగులు: పాకిస్తాన్ మీద 9, వెస్టిండీస్ మీద 5, బంగ్లాదేశ్ మీద సున్నా. మొత్తం పద్నాలుగు. ఓడిన నాలుగింటిలో 31, 1, 68, 68. అంటే ఆమె అర్ధసెంచరీ కొట్టిన రెండుసార్లూ జట్టు ఓడిపోయింది. ఆమె ఆడని మూడుసార్లూ జట్టు గెలిచింది.

ఈ లెక్కను రెండు రకాలుగా చదవొచ్చు. విమర్శించేవాళ్లు, ‘చూశారా, ఆమె అక్కర్లేదు’ అంటారు. నేను మాత్రం ఇలా చదువుతాను. పాకిస్తాన్ మీద 114 పరుగులకే ఆరు వికెట్లు పడితే పూజా వస్త్రాకర్, స్నేహ్ రాణా కలిసి 122 పరుగులు జోడించారు. వెస్టిండీస్ మీద స్మృతి మంధాన 123, హర్మన్‌ప్రీత్ కౌర్ 109 కొట్టారు, స్కోరు 317. ఒకప్పుడు మిథాలీ అవుటైతే మిగతావాళ్లు వరసగా పెవిలియన్ చేరేవాళ్లు. ఇప్పుడు పెద్దదిక్కు సున్నాకు వెనుదిరిగినా చిన్నవాళ్లు నిలబడి గెలిపిస్తున్నారు. ఆమె చివరి ఏడాదిలో జట్టుకు వచ్చిన అసలు లాభం అదే.

అలాగని ఆమె బ్యాట్ పక్కన పెట్టి కూర్చోలేదు. ఆక్లండ్‌లో ఆస్ట్రేలియా మీద 21 ఏళ్ల యాస్తికా భాటియాతో కలిసి 130 పరుగులు జోడించింది. ఒక కొస తాను పట్టుకుని, పక్కన పిల్లను ఆడనిచ్చింది. 277 పరుగులు చేసినా ఆస్ట్రేలియా ఇంకా మూడు బంతులు ఉండగానే గెలిచింది. మిథాలీ 68 పరుగులకు 96 బంతులు తీసుకుందని అప్పుడూ అన్నారు. ఆ విమర్శ న్యాయమైనదే. పెద్దవాళ్లను గౌరవించడమంటే లెక్క దాచిపెట్టడం కాదు.

చివరి లీగ్ మ్యాచ్ మార్చి 27న, క్రైస్ట్‌చర్చ్‌లో దక్షిణాఫ్రికాతో. గెలిస్తే సెమీఫైనల్, ఓడితే ఇంటికి. గాయం వల్ల ఝులన్ లేదు. మన స్కోరు 274. స్మృతి 71, షెఫాలీ 53, మిథాలీ 68. ఆఖరి ఓవర్ 24 ఏళ్ల దీప్తి శర్మ చేతికి వచ్చింది. దక్షిణాఫ్రికాకు 7 పరుగులు కావాలి. చివరి రెండు బంతులకు 3 పరుగులు కావాల్సినప్పుడు క్రీజులో పాతుకుపోయిన మిన్యాన్ డుప్రీ గాల్లోకి కొట్టింది. బౌండరీ దగ్గర హర్మన్‌ప్రీత్ క్యాచ్ పట్టింది. అంతలో సైరన్ మోగింది, నోబాల్. దీప్తి కాలు గీత దాటింది. చివరి బంతికి దక్షిణాఫ్రికా గెలిచింది. ఆరు పాయింట్లతో మనం ఐదో స్థానంలో ఆగిపోయాం. మన చేతిలో 155 పరుగుల తేడాతో ఓడిన వెస్టిండీస్, వానకు కొట్టుకుపోయిన ఒక మ్యాచ్‌లో వచ్చిన ఒక్క పాయింటుతో ఏడుకు చేరి సెమీస్‌కు వెళ్లింది.

మిథాలీ ఆడిన ఆఖరి అంతర్జాతీయ మ్యాచ్ అదే. జూన్ 8న ఆమె రిటైర్మెంట్ ప్రకటించింది. కప్పు లేదు. 2005లో ఫైనల్ ఓడింది, 2017లో లార్డ్స్‌లో తొమ్మిది పరుగుల తేడాతో ఫైనల్ ఓడింది, 2022లో ఒక గీత దగ్గర ఆగింది.

పెద్ద ఆటగాడి చివరి ఏడాది ఇంకోలా కూడా గడవొచ్చు. దానికి అమెరికా బాస్కెట్‌బాల్ నుంచి ఒక ఉదాహరణ చెప్తాను. మన స్కూల్లో బాస్కెట్‌బాల్ ఆడినవాళ్లు కోబీ బ్రయంట్ పేరు వినే ఉంటారు. ఇరవై సీజన్లూ ఒకే జట్టుకు, లాస్ ఏంజెలిస్ లేకర్స్‌కు ఆడాడు. 2015 నవంబర్‌లోనే ‘ఇదే నా చివరి సీజన్’ అని ప్రకటించాడు. ఆ తర్వాత ఏ ఊరు వెళ్లినా వీడ్కోలు సభే. జనం ఆయన కోసమే వచ్చారు. ఆ సీజన్‌లో లేకర్స్ 17 గెలిచి 65 ఓడింది. ఆ జట్టు చరిత్రలోనే అది అధ్వాన్నమైన రికార్డు. 2016 ఏప్రిల్ 13న చివరి మ్యాచ్‌లో, 37 ఏళ్ల వయసులో, ఆయన ఒక్కడే 60 పాయింట్లు చేసి గెలిపించాడు. ఆ రాత్రి బుట్ట వైపు యాభైసార్లు బంతి వేశాడు. చూసినవాళ్లు జన్మలో మరిచిపోరు. ఇరవై ఏళ్లు సేవ చేసినవాడికి ఆ ఒక్క రాత్రి దక్కడం న్యాయమే. కానీ ఏడాది పొడవునా వీడ్కోలు జరుపుకున్న జట్టు, మరుసటి ఏడాదికి ఏం కూడబెట్టుకుంటుంది?

మిథాలీకి అలాంటి రాత్రి దొరకలేదు. జట్టుకు మాత్రం వేరేది దొరికింది. క్రైస్ట్‌చర్చ్‌లో ఓడిన పదకొండు మందిలో ఐదుగురు, స్మృతి, షెఫాలీ, హర్మన్‌ప్రీత్, రిచా ఘోష్, దీప్తి, 2025 నవంబర్ 2న నవీ ముంబైలో ప్రపంచకప్ ఫైనల్ ఆడారు. ఎదుట జట్టు మళ్లీ దక్షిణాఫ్రికాయే. షెఫాలీ 87 కొట్టింది. దీప్తి 58 పరుగులు చేసి ఐదు వికెట్లు తీసింది. ఆఖరి వికెట్ ఎలా పడిందో చూడండి. బౌలర్ దీప్తి, క్యాచ్ పట్టింది హర్మన్‌ప్రీత్. అవే చేతులు, అదే ప్రత్యర్థి. ఈసారి కాలు గీత దాటలేదు. 52 పరుగుల తేడాతో గెలుపు. టోర్నీలో 22 వికెట్లు తీసిన దీప్తే ఉత్తమ క్రీడాకారిణి. ఝులన్‌కు తన నోబాల్ దిద్దుకోడానికి రెండు రోజులు పడితే, దీప్తికి మూడేళ్ల ఏడు నెలలు పట్టింది. ఆ మూడేళ్లూ ఆమెను తీసేయకుండా ఉంచుకున్నారు, అది ముఖ్యం.

గెలిచిన ఆ రాత్రి అమ్మాయిలు మిథాలీని, ఝులన్‌ను, అంజుమ్ చోప్రాను మైదానంలోకి పిలిచి కప్పు చేతికిచ్చారు. అంతకు మూడు వారాల ముందే విశాఖపట్నం స్టేడియంలో ఒక స్టాండుకు మిథాలీ పేరు, మరో ద్వారానికి మన ఆంధ్ర వికెట్ కీపర్ రావి కల్పన పేరు పెట్టారు.

ఆ ఫైనల్ జట్టులో శ్రీచరణి కూడా ఉంది. కడప జిల్లా ఎర్రమల్లె అమ్మాయి. మన తాడిపత్రిలో రైలెక్కితే ఎర్రగుంట్ల ఎంతసేపు? మన జిల్లాకే చెందిన బారెడ్డి అనూష అనంతపురంలోని ఆర్డీటీ మైదానంలో ఆట నేర్చుకుని 2023లో బంగ్లాదేశ్‌లో భారత్ తరఫున టీ20 ఆడింది. వానలు కురవని సీమలో, గడ్డి మొలవని నేల మీద ఈ పిల్లలు ఎదిగారు. 1999లో మిథాలీ ఆడడం మొదలుపెట్టినప్పుడు ఒక ఆడపిల్ల క్రికెట్‌తో బతకగలదని మన వైపు ఎవరూ అనుకోలేదు. ఇప్పుడు అనుకుంటున్నారు.

ఇక మన సంగతి. గురువులు నన్ను మన్నించాలి. మన ఊళ్లో ఏ రిటైర్మెంట్ సభకు వెళ్లినా శాలువా కప్పి ఒక మాట అంటాం: ‘వీరి లోటు తీర్చలేనిది’. ప్రేమతోనే అంటాం. ఆలోచిస్తే అది పూర్తి పొగడ్త కాదు. లోటు తీరకపోతే, ఆ పెద్దమనిషి తన వెనక ఎవరినీ తయారు చేయలేదనే కదా అర్థం? మిథాలీ పరుగుల లోటు తీరింది. తీరింది కాబట్టే ఆమె గొప్పది. మనకు పాఠం చెప్పిన అయ్యవార్లు వెళ్లిపోయాక కూడా ఈ బడి నడుస్తోందంటే, వాళ్లు తమ లోటు తీర్చుకునే వెళ్లారని. ఈ సభకు వచ్చిన టీచర్లలో కొందరు ఒకప్పుడు ఈ బెంచీల మీద కూర్చున్నవాళ్లే. అంతకంటే సాక్ష్యం ఏం కావాలి?

సంఘానికి ఒక విన్నపం చేసి ముగిస్తాను. స్వర్ణోత్సవ నిధితో ఆర్చి కట్టాలని, విగ్రహం పెట్టాలని ప్రతిపాదనలు వస్తున్నాయి. నాపరాయికి, పనివాళ్లకు మన ఊళ్లో కొదవ లేదు, అవి ఎప్పుడైనా కట్టుకోవచ్చు. ముందు మైదానంలో రాళ్లు ఏరించి చదును చేయిద్దాం. తాగే నీళ్లు పెట్టిద్దాం. ఆడపిల్లలు బట్టలు మార్చుకోడానికి తలుపున్న ఒక గది కట్టిద్దాం. ఆటల పీరియడ్‌ను లెక్కల పీరియడ్ మింగకుండా చూడమని హెడ్‌మాస్టర్ గారిని అందరం కలిసి అడుగుదాం.

ఆ మైదానంలో రేపు ఒక అమ్మాయి నోబాల్ వేసి మ్యాచ్ ఓడగొడుతుంది. అప్పుడు ఆ పిల్లను పక్కన పెట్టకుండా, మర్నాడు బంతి మళ్లీ ఆమె చేతికే ఇచ్చే పెద్దవాళ్లు అక్కడ ఉండాలి. వాళ్లం మనమే కావాలి.