రెండు రోజుల సరదాకి ఎవరి అనుమతి?

(జిల్లా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



స్త్రీల శ్రమ గురించి మాట్లాడమని నన్ను పిలిచారు. ఆ విషయానికే వస్తాను, కానీ ఒక విహారయాత్ర మీదుగా వస్తాను. కిందటి జనవరి చివర్లో మేం ఏడుగురు స్త్రీలం నాసిక్ వెళ్ళి రెండు రోజులు ఉండి వచ్చాం. సదస్సు లేదు, నిజనిర్ధారణ లేదు, పెళ్ళి లేదు, మొక్కూ లేదు. మంచి తిండి తినడం, ద్రాక్షతోటలో కూర్చుని వైను రుచి చూడడం, ఒక కొండ ఎక్కడం, ఇదే కార్యక్రమం. ఈ మాట అనగానే మీలో కొందరు నవ్వారు, ఇద్దరు ముగ్గురు మొహం ముడుచుకున్నారు. ఆ నవ్వూ, ఆ ముడుపూ రెండూ మా ఏడుగురిలోనూ ఉన్నాయి.

నాసిక్ ఎంచుకోవడానికి కారణం సులభం. సికింద్రాబాద్‌లో మధ్యాహ్నం దేవగిరి ఎక్స్‌ప్రెస్ ఎక్కితే మర్నాడు తెల్లవారకముందే నాసిక్ రోడ్‌లో దిగొచ్చు. మనం భద్రాచలంలో, రాజమండ్రిలో చూసే గోదావరి పుట్టేది అక్కడి త్ర్యంబకం కొండల్లోనే.

టికెట్లు కొనడం అరగంట పని. ఇల్లు కదిలేలా చేయడానికి మూడు వారాలు పట్టింది. 2024 జాతీయ కాల వినియోగ సర్వే ప్రకారం ఇంటి చాకిరీ చేసే స్త్రీలు దానికి రోజుకు సగటున 289 నిమిషాలు ఖర్చు పెడుతున్నారు, చేసే పురుషులు 88 నిమిషాలు. 2019లో ఈ లెక్క 299, 97. అయిదేళ్ళలో మనకు పది నిమిషాలు తగ్గితే వాళ్ళకూ తొమ్మిది తగ్గాయి! అంకెల్లో ఇలా ఉన్నది మా ఇళ్ళలో ఎలా ఉందంటే, రెండు రోజులు లేకుండా పోవడానికి ముందు నాలుగు రోజులు రెట్టింపు వండాం. ఒకామె ఏ గిన్నెలో ఏముందో కాగితం మీద రాసి ఫ్రిజ్ తలుపుకి అంటించి వచ్చింది. పితృస్వామ్యం మీద పాఠాలు చెప్పే నేనూ ఇడ్లీ పిండి రుబ్బి, పులుసు కాచిపెట్టి మరీ బయల్దేరాను. అడిగిన వాళ్ళెవరూ లేరు. అడక్కుండానే చేశాను, అదీ సంగతి.

ఇద్దరు మాత్రం ఇంట్లో షిర్డీ వెళ్తున్నామని చెప్పి వచ్చారు. నాసిక్ నుంచి షిర్డీ దూరం కాదు గనక అబద్ధం కూడా నమ్మేలా ఉంది. ఆడవాళ్ళు గుంపుగా, మగతోడు లేకుండా, ఖర్చు పెట్టుకుని వెళ్ళడానికి మన సమాజం ఇచ్చే పాసుపోర్టు దేవుడొక్కడే. శిల్పా ఫడ్కే, సమీరా ఖాన్, శిల్పా రణడే ముంబయి స్త్రీల గురించి 2011లో తెచ్చిన 'వై లాయిటర్' పుస్తకంలో ముఖ్యమైన మాట ఇదే: బయట కనిపించే ప్రతి స్త్రీ తనకో పని ఉన్నట్టు చూపించుకోవలసి వస్తోంది, ఏ పనీ లేకుండా ఉండే హక్కు కావాలి. రక్షణ ఒక్కటే అడిగితే 'అయితే ఇంట్లోనే ఉండండి' అనడం తేలిక. ఆ మాట మనకు చాలా ఇళ్ళలో, కొన్ని పోలీసు స్టేషన్లలో కూడా వినపడిందే.

వైను దగ్గర అసలు గొడవ వచ్చింది. మాలో అందరికన్నా పెద్దది నెల్లూరు జిల్లా మనిషి, మేమంతా పెద్దక్కా అంటాం. 1992లో అక్షరాస్యత తరగతుల నుంచి దూబగుంట స్త్రీలు లేచినప్పుడు, పక్క ఊళ్ళో సారా దుకాణం ముందు రాత్రంతా కూర్చున్న వాళ్ళలో ఆమె ఉంది. 1993 అక్టోబరు 1న సారా నిషేధం, 1995 జనవరి 16న సంపూర్ణ మద్యనిషేధం, 1997లో దాని సడలింపు, ఈ మూడూ ఆమె జీవితంలో తేదీలు. "సారా ప్యాకెట్లు తొక్కిన కాళ్ళతో ఆ తోటలోకి నడవమంటావా అమ్మాయ్?" అంది.

నా వాదన నేను చేశాను. ఆ ఉద్యమం తాగుడు పాపమని చెప్పినది కాదు. కూలి డబ్బు ఇంటికి రాకపోవడం మీద, దెబ్బల మీద, ఆబ్కారీ ఆదాయం మీద బతికే ప్రభుత్వం మీద వచ్చింది. ఆడది తన డబ్బుతో, తన ఇష్టంతో ఒక గుక్క రుచి చూడడం వేరు అన్నాను. ఆమె ఒప్పుకోలేదు. "కూలివాడు తాగితే వ్యసనం, మీరు తాగితే టూరిజమా?" అంది. దీనికి నా దగ్గర సరైన జవాబు అప్పుడు లేదు, ఇప్పుడూ లేదు. వస్తాను, తాగను, తోటలో పనిచేసే వాళ్ళతో మాట్లాడనివ్వాలి అన్న షరతు మీద ఆమె బయల్దేరింది.

దిగాక ఒక లాడ్జిలో గది బుక్ చేసినట్టు కాగితం చూపినా, "జెంట్స్ ఎవరూ లేరా?" అని గంటసేపు నిలబెట్టారు. మాకు ఇది కొత్త కాదు గనక మరో చోటు కూడా రాసిపెట్టుకున్నాం.

మొదటి రోజు పొద్దున్నే మిసల్ పావ్ తిన్నాం. మొలకెత్తిన మట్కీ గింజల కూర, మీద కారప్పూస, పక్కన ఎర్రటి నూనె తేలే తర్రి. గుంటూరు ఆమె కూడా నీళ్ళు అడిగింది. తర్వాత త్రిరశ్మి కొండ మీది పాండవలేణి బౌద్ధ గుహలు. మూడో గుహలో గౌతమీ బాలశ్రీ వేయించిన శాసనం ఉంది, ఆమె మనుమడు పులుమావి పాలన 19వ ఏట. మన స్కూలు పుస్తకాల గౌతమీపుత్ర శాతకర్ణి గురించి ఇంత తెలిసింది ఆ తల్లి రాయించిన మాటల వల్లనే. గర్వంగా నిలబడి చూశాం. కానీ అదే శాసనం, ఆ కొడుకు నాలుగు వర్ణాల సంకరాన్ని ఆపాడని పొగుడుతుంది. అక్కడికి కొద్ది దూరంలో, పంచవటిలోని కాలారామ్ గుడి దగ్గర 1930 మార్చి 2న అంబేడ్కర్ నాయకత్వంలో ఆలయ ప్రవేశ సత్యాగ్రహం మొదలైంది. దళిత స్త్రీలు అందులో ముందు నిలిచారు. స్త్రీ గొంతు వినపడినంత మాత్రాన మన పక్షాన మాట్లాడినట్టు కాదని పాఠం చెప్పడానికి నాకు ఇంతకన్నా మంచి తరగతి గది దొరకలేదు.

సాయంత్రం ద్రాక్షతోట. నాసిక్ వైనుకి పేరు తెచ్చిన సులా 1999లో పుట్టిన సంస్థ. ఆ తర్వాత ఆ చుట్టుపక్కల ఎన్నో వచ్చాయి. చల్లదేశాల్లో ద్రాక్షతీగ శీతాకాలం నిద్రపోతుంది. ఇక్కడ దానికి నిద్ర లేదు గనక ఏడాదికి రెండుసార్లు, ఏప్రిల్‌లోనూ అక్టోబరులోనూ, కత్తిరించాలి. జనవరి నుంచి మార్చి దాకా కోత. ఈ చేతిపనిలో సురగాణా, పేఠ్ తాలూకాల నుంచి వచ్చే ఆదివాసీ కూలీలు ఎందరో, అందులో ఆడవాళ్ళు చాలామంది. మా అయిదుగురికి చిన్న గ్లాసుల్లో అయిదు రకాలు పోశారు. షెనిన్ బ్లాంక్ నాకు నచ్చింది, ఎర్రవైను వగరు. పెద్దక్క ద్రాక్షరసం తాగి, గట్టు పక్కన ఒక చిన్న రైతు తోటలో కోత కోస్తున్న స్త్రీల దగ్గరికి వెళ్ళింది. ఆమెకు మరాఠీ రాదు, వచ్చీరాని హిందీ. "మీరెప్పుడైనా ఇలా ఊరికే తిరిగారా?" అని అడిగితే ఒకామె, చైత్రంలో వణీ దగ్గర సప్తశృంగి అమ్మవారి కొండకి నడిచి వెళ్తామంది. దేవుడి పాసుపోర్టు అక్కడా అదే.

రెండో రోజు త్ర్యంబకం దారిలో అంజనేరి కొండ. 1,280 మీటర్ల ఎత్తు, మెట్ల దారి, ఆపైన ఎండుగడ్డి మైదానం. హనుమంతుడు అక్కడే పుట్టాడని వాళ్ళంటారు. తిరుమల అంజనాద్రిలో పుట్టాడని 2021లో తితిదే ప్రకటించింది. ఆ తగువు పండితులకే వదిలేసి, రెండు చోట్లా కొండకు తల్లి పేరే ఉందని సంతోషించాం. దారిలో మాకు మరుగుదొడ్డి కనపడలేదు. ఆ భయంతో పొద్దుటి నుంచి నీళ్ళు తాగని ఒకామెకు సగం దారిలో కళ్ళు తిరిగాయి. నెలసరిలో ఉన్న మరొకామె పాత గుడ్డ సంచీ, అదనపు చున్నీ, నీళ్ళ సీసా తెచ్చుకుని నిశ్చింతగా పైదాకా ఎక్కింది. చున్నీ అడ్డుపెట్టి వంతులవారీగా కాపలా కాశాం. యాత్ర ప్రణాళికలో ఈ పేజీ అందరికన్నా ముందు రాసుకోవాల్సింది.

ఖర్చు జీతాన్ని బట్టి పంచుకున్నాం, జీతం లేని ఇద్దరికి మిగిలినవాళ్ళం వేసుకున్నాం. వచ్చే ఏడు బెలుం గుహలకి అనుకుంటున్నాం. పెద్దక్క ఈసారి ఒక షరతు పెట్టింది: ఇంట్లో ఏ దేవుడి పేరూ చెప్పకుండా రావాలి. అయిదుగురం సరేనన్నాం. షిర్డీ అని చెప్పి వచ్చిన ఇద్దరూ ఇంకా జవాబు చెప్పలేదు.