ఒక్క ఎన్నికతో ముగిసిన కూటమి

(పౌరసభయందు చేసిన ప్రసంగపాఠము)



1946వ సంవత్సరము జూన్ 2వ తేదీన ఓటు వేయవచ్చిన ఇటలీ పౌరుల ముందు రెండు ఓటుకాగితము లుండెను. రాజు కావలెనా, రిపబ్లికు కావలెనా అనునది మొదటిదానిమీది ప్రశ్న. రెండవది రాజ్యాంగ నిర్మాణసభకు ప్రతినిధుల నెన్నుకొనుటకు. దేశమంతటికిని సంబంధించిన ఎన్నికలో స్త్రీలు ఓటిచ్చుట అదియే ప్రథమము.

ఆ రెండవ కాగితముపై జాతీయ ప్రజాస్వామ్య కూటమి యను పేరొకటి కలదు. లిబరల్ పార్టీయు, శ్రమ ప్రజాస్వామ్య పార్టీయు ప్రధానముగా కలసి కట్టినది. దాని ముందు నిలిచిన వారెవరు? తత్త్వవేత్త బెనెడెట్టో క్రోచే. మొదటి మహాయుద్ధము ముగియునాటికి ప్రధానిగా నుండిన ఓర్లాండో. ఆయన పీఠమునే పిదప నెక్కిన నిట్టీ. ఫాసిస్టులకు ముందొకమారు, వారు కూలిన పిదప నొకమారు ప్రధానియైన బొనోమీ. నలువురిలోను బొనోమీయే చిన్నవాడు. ఆయనకు డెబ్బదిరెండేండ్లు!

ఇంతటివారికి నూటికి ఏడు ఓట్లయినను నిండలేదు. 556 స్థానములలో దక్కినవి 41. క్రైస్తవ ప్రజాస్వామ్యవాదులకు 207, సోషలిస్టులకు 115, కమ్యూనిస్టులకు 104 వచ్చెను.

మేము ప్లీడర్లము. అసలు తగవు దేనిమీదనో ఆ సంగతి వ్రాయని దస్తావేజు కోర్టుకెక్కక తప్పదని మే మెరుగుదుము. ఈ కూటమి దస్తావేజు అట్టిదే. మొదటి కాగితముపై దానికి ఏకకంఠము లేదు. లిబరల్ పార్టీ రాజరికమువైపు మొగ్గుచునే, సభ్యుల నెవరి యిష్టమునకు వారిని విడిచెను. క్రోచే, ఐనాడీలు రాజపక్షమే. 1943లో రోము విడిచి పారిపోయిన రాజవంశమును గూర్చి నిర్ణయింపవలసిన దినమున, "మీ చిత్తము" అన్న నాయకుని ఓటరేల నమ్మును? రిపబ్లికుకు 1,27,17,923 ఓట్లు, రాజరికమునకు 1,07,19,284 ఓట్లు పడెను.

ఇంకొకటి చెప్పుటకు మాకును సిగ్గగుచున్నది. ఓటర్ల పట్టికలు చంకనిడుకొని వీధివీధి తిరిగిన వాలంటీర్లము గనుక చెప్పక తీరదు. క్రైస్తవులకు చర్చి యుండెను, కార్మికపక్షములకు సంఘములుండెను. వీరికో, ముఖ్యముగా దక్షిణమున, ఊరి పెద్దల పరిచయములే బలము. వేదికమీద బాగుగా మాటాడిన చాలునను భ్రమ మావంటి చదువరులకు ఆ దేశమునను కలదు కాబోలు.

పాతలెక్కయు నొకటి కలదు. 1924 ఎన్నికలలో ఓర్లాండో ముస్సోలినీ పట్టికలోనే నిలిచెను. అదే యేట మాత్తెయోత్తి హత్యానంతరము కూడ క్రోచే సెనేటులో ఆ ప్రభుత్వమునందు విశ్వాసము ప్రకటించెను. 1925లో ఫాసిస్టు వ్యతిరేక ప్రకటన వ్రాసి తరువాతి యేండ్లెల్ల ధైర్యముగా నెదిరించినవాడును ఆయనయే. న్యాయము రెండును చెప్పుమనును.

కూటమి నిలువలేదు. 1948 ఏప్రిలునాటికి లిబరల్ పార్టీ వేరొక జట్టు గట్టి 19 స్థానములు మాత్రమే పొందెను. అయినను ఆ నలుబదియొక్కరి పని వృథాయని మే మనము. వారిలో నొకడైన ఐనాడీ రాజ్యాంగ ముసాయిదా సంఘమున కూర్చుండి, క్రొత్త ఖర్చు పెట్టు శాసనము ఆ ధన మెచ్చటినుండి వచ్చునో చెప్పితీరవలెనను నియమమును 81వ అధికరణమున చేర్చుటకు పాటుపడెను. 1948 మే 11న ఆయన రాష్ట్రపతియయ్యెను.

1947 డిసెంబరు 27న ఆ రాజ్యాంగముపై మూడు సంతకములు పడెను. నేపుల్సు న్యాయవాది, పాత లిబరల్ దె నికోలా దేశాధిపతిగా, క్రైస్తవ ప్రజాస్వామ్యవాది దె గాస్పెరీ ప్రధానిగా, కమ్యూనిస్టు తెర్రాచీనీ సభాధ్యక్షుడుగా చేవ్రాలు చేసిరి.