శ్రీ సి.కె. నాయుడుగారి క్రీడాజీవితము



క్యాతగానచెర్లులో తరతరములుగా స్థిరపడిన మన తెలుగు కుటుంబములందు ఒక సందేహము తరచు వినబడుచున్నది: “కన్నడ రాష్ట్రమున మన పిల్లలను ఎవరు గుర్తింతురు?” దీనికి శ్రీ కొఠారి కనకయ్యనాయుడుగారి జీవితమే తగిన సమాధానము.

వారు 1895 అక్టోబరు 31న నాగపూరులో, అచట స్థిరపడిన తెలుగు కుటుంబమున జన్మించిరి. 1926లో బొంబాయి జింఖానా మైదానమున ఆంగ్లేయుల ఎం.సి.సి. జట్టుపై రెండు గంటలలోపుననే 153 పరుగులు తీసిరి. అందు 11 సిక్సరులు! 1932 జూన్ 25న లార్డ్స్ మైదానమున ప్రారంభమైన భారతదేశపు తొలి టెస్టులో నాయకత్వము వహించిరి. చేతికి గాయమైనను తొలి ఇన్నింగ్సులో మన జట్టున అత్యధికముగా 40 పరుగులు తీసినది వారే. పిదప ఇందోరు హోల్కరు జట్టును నడిపి రంజీ ట్రోఫీని పలుమార్లు గెలిపించిరి. అరువదేండ్లు దాటినను ఆట మానలేదు. 1956లో పద్మభూషణ బిరుదము పొందిరి. 1967 నవంబరు 14న ఇందోరులో పరమపదించిరి.

నివసించిన నేలకు తమ శ్రమను సంపూర్ణముగా సమర్పించుటయే వారి ఘనత. తెలుగువాడగుట అందుకు అడ్డు కాలేదు.

కావున మన బాలబాలికలు ఇంట తెలుగును విడువక, బడిలో కన్నడమును చక్కగా నేర్చి, తాలూకా, జిల్లా జట్ల ఎంపికలకు ధైర్యముగా పోవలెను. పిల్లలను సాయంకాలము అంగడిలో తక్కెడ ముందు కూర్చుండబెట్టక మునుపు ఒక గంట మైదానమునకు పంపుడని తోటి వర్తకులకు నా మనవి. ఆ గంట నష్టము కాదు, పెట్టుబడి.