ఫారం ఎఫ్‌లో ఖాళీ గడులు

(మన సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఆరోగ్య విషయం మీద నాలుగు మాటలు చెప్పమని కార్యదర్శి గారు కోరారు. బి.పి., షుగరు గురించి చెప్పడానికి డాక్టర్లున్నారు. నేను ఆ డాక్టర్లే కోర్టు బోనెక్కే చట్టం ఒకటి చెబుదామని వచ్చాను. అదంతా ఒక ఫారం మీద నిలబడిన చట్టం. ఫారాల సంగతి నాలాంటి గుమాస్తాకు కాస్త తెలుసు.

కడుపులో ఉన్నది ఆడా మగా అని పరీక్ష చేసి చెప్పడాన్ని నిషేధిస్తూ పార్లమెంటు 1994లో చట్టం చేసింది. 1996 జనవరి 1 నుంచి అమలు. అమలంటే గెజిట్‌లోనే లెండి. సెహత్, మాసుమ్ అనే సంస్థలు, డాక్టర్ సాబూ జార్జి కలిసి 2000లో సుప్రీంకోర్టుకు వెళితే గాని ప్రభుత్వాల్లో కదలిక రాలేదు. 2003లో సవరణలు వచ్చి చట్టం గట్టిపడింది. అప్పటికే జనాభా లెక్కలు చెప్పవలసింది చెప్పేశాయి. ఆరేళ్ల వరకు వయసున్న పిల్లల్లో వెయ్యి మంది మగపిల్లలకు ఆడపిల్లలు దేశం మొత్తం మీద 1991లో 945, 2001లో 927. అది పంజాబు, హర్యానాల జబ్బు, మనకేమిటి అనుకునేవాళ్లం. మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1991లో 975 ఉన్నది 2001కి 961 అయింది, 2011కి 939కి దిగింది.

ఇక ఫారం సంగతి. గర్భిణికి స్కాను చేసిన ప్రతిసారీ కేంద్రంవారు ఫారం ఎఫ్ నింపాలి. పేరు, వయసు, భర్త పేరు, పూర్తి చిరునామా, ఎవరు పంపారు, ఎన్నో వారం, ఏ కారణం మీద స్కాను, ఇవన్నీ రాయాలి. ఇప్పటికే ఉన్న పిల్లలెందరు, వారిలో ఆడెందరు మగెందరు అన్న గడి కూడా ఉంది. బిడ్డ ఆడా మగా తెలుసుకోగోరడం లేదని ఆమె, చెప్పలేదని డాక్టరు సంతకాలు చేయాలి. ప్రతి నెలా అయిదో తేదీలోగా ముందు నెల లెక్క అధికారికి చేరాలి.

చీకటి గదిలో డాక్టరు చెవిలో చెప్పిన మాటకు సాక్షి ఎవరు? చెప్పినవాడు ఒప్పుకోడు, విన్నవారు బయటపెట్టరు. ఫిర్యాదుదారుడే లేని నేరం ఇది. ఇక మిగిలేది కాగితమే. ఒకే కేంద్రంలో పధ్నాలుగు, పదిహేను వారాల స్కానుకు వచ్చిన వారిలో ఇద్దరేసి ఆడపిల్లల తల్లులే ఎక్కువగా కనిపిస్తే, కారణం గడి ఖాళీగా ఉంటే, ఆడిట్ చేసినవాడికి వేరే సాక్ష్యం చెప్పనక్కరలేదు. అందుకే చట్టం ఫారంలో లోపాన్నే నేరంగా లెక్కగట్టి, కాదని నిరూపించుకునే బాధ్యత స్కాను చేసినవారి మీదే పెట్టింది. మొదటిసారి నేరానికి మూడేళ్ల దాకా జైలు, పదివేల దాకా జరిమానా.

దీని మీద ప్రసూతి వైద్యుల సమాఖ్య సుప్రీంకోర్టుకు వెళ్లింది. అవి కేవలం క్లరికల్ మిస్టేకులండీ, వాటికి జైలేమిటి అని వారి వాదన. ఆ మాట చదివినప్పుడు నాకు కొంచెం కోపం వచ్చిన మాట నిజం. ప్రపంచంలో ఎవరు ఏ తప్పు చేసినా మన పేరే పెడతారు! ఇంటి నంబరు తప్పుపడ్డ ఫారానికీ, సంతకమే లేని ఫారానికీ తేడా ఉందని నేనూ ఒప్పుకుంటాను. ఆ తేడా చూపుకునే అవకాశం చట్టం ఇచ్చే ఉంది. 2019 మే 3న కోర్టు ఆ పిటిషన్ కొట్టివేసింది. రికార్డు ఉంచకపోవడం గుమాస్తా పొరపాటు కాదు, భ్రూణహత్యకు అదే తొలిమెట్టు అని తేల్చింది. మనం బతికే ఉన్నామని ఏటేటా సర్టిఫికెట్ ఇస్తేగాని పెన్షను రాని దేశంలో, స్కాను సక్రమంగా జరిగిందనడానికి ఒక కాగితం అడిగితే తప్పేమిటి?

కేసులు నిలబడటం మాత్రం తేలిక కాదు. హర్యానాలోని పల్వల్‌లో మారువేషపు రోగులను పంపి 2001లో పట్టిన కేసులో డాక్టరుకు, అతని సహాయకునికి 2006లో రెండేళ్ల జైలు పడింది. డాక్టరు జైలుకు వెళ్లవలసిన తొలి తీర్పుగా దాన్ని చెబుతారు. చట్టం అమలులోకి వచ్చి అప్పటికి పదేళ్లు. కోర్టు నేరుగా పోలీసు చార్జిషీటు మీద కేసు చేపట్టకూడదు, నియమిత అధికారి ఫిర్యాదు చేయాలి. ఈ సంగతి చూసుకోక ఎన్నో కేసులు కూలిపోయాయి. పంచనామా సరిగా రాయరు, స్వాధీనపు జాబితాలో సంతకాలుండవు. ఆ పనికిమాలినతనం మాత్రం మన వైపుదే.

ఇప్పుడు మనందరికీ తగిలే సెక్షను. ఇరవై నాలుగు. లింగ నిర్ధారణ కోసం స్కాను జరిగిందని రుజువైతే, గర్భిణిని భర్తో, బంధువులో బలవంతపెట్టారనే కోర్టు భావిస్తుంది. కాదని వారే నిరూపించుకోవాలి. బలవంతానికి లోనైన ఆమెకు శిక్ష లేదు. బలవంతపెట్టిన వారికి మూడేళ్ల దాకా జైలు, యాభైవేల దాకా జరిమానా. బంధువులంటే ఎవరండీ? అత్తగారు, మామగారు. అంటే ఈ హాల్లో కూర్చున్న మనం. "ఈసారైనా వంశోద్ధారకుడు" అని కోడలి ముందు నిట్టూర్చే వారు ఈ సెక్షను ఒకసారి చదువుకోవాలి. నవ్వుతున్నారు గాని, నేను హాస్యానికి అనలేదు.

చివరిగా ఒక పని చెబుతాను. ఎక్కడైనా ఇది జరుగుతోందని తెలిస్తే, జిల్లా వైద్య ఆరోగ్యశాఖ కార్యాలయం ద్వారా నియమిత అధికారికి రాతపూర్వకంగా ఇవ్వండి. జరిగిన నేరం ఏమిటి, కోర్టుకు వెళ్లదలిచారని, రెండూ అందులో ఉండాలి. పదిహేను రోజులు గడిచినా కదలిక లేకపోతే మీరే కోర్టులో ఫిర్యాదు చేయవచ్చు. చట్టంలో "వ్యక్తి" అంటే సామాజిక సంస్థ కూడా అని వివరణ ఉంది, కనుక సంఘం తరఫునా ఇవ్వవచ్చేమో కార్యవర్గం వకీలు గారిని అడగాలి. నోటీసు రెండు ప్రతులు రాయండి. ఒకదాని మీద ఇన్‌వర్డు నంబరు, తేదీ, సీలు వేయించుకుని దగ్గర పెట్టుకోండి. పదిహేను రోజుల లెక్క ఆ తేదీ నుంచే.

అధ్యక్షులవారు గడియారం చూస్తున్నారు. సెలవు.