నలభై దాటాక రంగు పూసుకున్న నాటకకర్త

(రేడియో మహిళా కార్యక్రమంలో చేసిన ప్రసంగం)



సినిమాలో కొందరు కనిపించగానే మనకు ఒళ్ళు మండుతుంది. ‘వీడి నోట మన్ను పడ! పచ్చని కాపురంలో చిచ్చు పెడుతున్నాడే’ అని పక్కావిడతో అనేస్తాం. అలా తెలుగింటి ఆడవాళ్ళ చేత కడుపారా తిట్లు తిన్న నటుల్లో గొల్లపూడి మారుతీరావుగారిది ముందు వరస. తెరమీద అంత చెడ్డగా కనిపించిన ఆ మనిషి అసలు వృత్తి రాయడం. నటన ఆయనకు నలభై దాటాక వచ్చిపడిన రెండో జీవితం.

ఆయన 1939 ఏప్రిల్ 14న విజయనగరంలో పుట్టారు. చదువు ఆంధ్రా యూనివర్సిటీలో. చదివింది లెక్కలూ, భౌతికశాస్త్రమూ. మనసు మాత్రం కథలమీదా, నాటకాలమీదా. 1959లో ఆంధ్రప్రభలో సబ్‌ఎడిటరుగా చేరారు. తరవాత రేడియోలో ఉద్యోగం. హైదరాబాదు, విజయవాడ, ఒరిస్సాలోని సంబల్‌పూరు, మద్రాసు, కడప - బదిలీ అయిన ఊరికల్లా సంసారం మోసుకుంటూ అసిస్టెంట్ స్టేషన్ డైరెక్టరు దాకా ఎదిగారు. మాటని ఎక్కడ విరవాలో, ఎక్కడ ఒక్క క్షణం ఆపాలో మైకు ముందు కూర్చున్నవాళ్ళకి తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది చెప్పండి? ఆ విద్యే తరవాత తెరమీద ఆయనకు అక్కరకొచ్చింది.

సినిమాల్లోకి ఆయన వెళ్ళింది ముందు కలంతోనే. కోడూరి కౌసల్యాదేవిగారి ‘చక్రభ్రమణం’ నవల ‘డాక్టర్ చక్రవర్తి’గా తెరకెక్కినప్పుడు దాని రచనలో ఆయన చెయ్యి వుంది. నంది బహుమతులు మొదలైన 1964లోనే ఆ చిత్రానికి బంగారు నంది వచ్చింది. తరవాత వచ్చిన ‘ఆత్మగౌరవం’ కథలో యద్దనపూడి సులోచనారాణిగారితో పాలు పంచుకున్నారు. మనం మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని చదువుకున్న రచయిత్రుల కథలు తెరమీదికి రావడంలో ఆయనకూ వాటా వుందన్నమాట.

అయితే ఆయన ప్రాణం నాటకంలో వుంది. 1962లో చైనా దురాక్రమణ జరిగినప్పుడు ‘వందేమాతరం’ అనే నాటకం రాసి, తోటివారితో కలిసి ఆడి, రక్షణ నిధికి డబ్బు పోగుచేశారు. మరో నాటకం ‘కళ్ళు’. ఈ ఒక్కటీ కాస్త నిదానంగా చెప్పుకోవాలి. గుడ్డి బిచ్చగాళ్ళు కొందరు పైసా పైసా కూడబెడతారు. అందరికీ ఆపరేషను చేయించే తాహతు లేదు గనక ఒక్కడికి చేయిస్తారు. వాడికి చూపొస్తే తమందరినీ చూసుకుంటాడని ఆశ. చూపు వచ్చింది. చూపుతోపాటు స్వార్థమూ వచ్చింది. తనకు కళ్ళిచ్చినవాళ్ళనే వాడు మోసం చేస్తాడు. దీన్ని ఎం.వి.రఘుగారు 1988లో సినిమాగా తీశారు.

ఇది బిచ్చగాళ్ళ కథేనంటారా? మన ఇళ్ళకేసి ఒక్కసారి చూడండి. అమ్మ మెళ్ళో గొలుసు అమ్మి, అక్క చదువు మాన్పించి, అందరూ కలిసి ఒక్క పిల్లాణ్ణి పైకి తెస్తారు. వాడు పెద్ద ఉద్యోగస్తుడవుతాడు. ఆ తరవాత చదువు మానేసిన అక్క వాడి కంటికి ఆనుతుందా? అందరికీ కాదుగానీ, ఆనని ఇళ్ళు ఎన్ని లేవు! కళ్ళు తెప్పించడం డబ్బుతో అయ్యే పనే. ఆ కళ్ళతో ఎవర్ని చూడాలో నేర్పడం మాత్రం తల్లుల చేతిలో వుంది.

ఇక నటన సంగతి. 1982లో కోడి రామకృష్ణగారు తన మొదటి చిత్రం ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’లో ఆయనకి సుబ్బారావు వేషం ఇచ్చారు. అప్పటిదాకా విలన్ అంటే కోరమీసం, గళ్ళ లుంగీ, పెద్ద నవ్వు. ఈ సుబ్బారావుకి అవేమీ లేవు. ఇస్త్రీ బట్టలు, తేనె పూసిన మాట, లోపల పెడబుద్ధి. మన వీధిలోనో, ఆఫీసులోనో తారసపడే మనిషే. భయం వేసేది అందుకే. పైకి మర్యాదస్తుడిలా వుండే మగవాడి దగ్గర ఎంత జాగ్రత్తగా వుండాలో ఎదిగిన ఆడపిల్లకి విడమరిచి చెప్పడానికి మనం సిగ్గుపడతాం. ఆ పని ఆయన వేషాలు చేశాయి.

అలాగని ఆయన్ని ఆ మూసలోనే పోసెయ్యడానికి లేదు. 1987లో వచ్చిన ‘సంసారం ఒక చదరంగం’ చూసినవాళ్ళకి ఆ తండ్రి గుర్తుండే వుంటాడు. డబ్బు లెక్కల దగ్గర పెద్దకొడుకుతో మాటా మాటా పెరిగి, ఇంటిమధ్య గీత గీసేస్తాడు. ఆ పంతం వెనక ఎంత ప్రేమ దాగి వుందో ఆయన మొహంలో చూడాలి.

ఆ మొహంమీద విధి గీసిన గీత ఇంకా లోతైనది. 1992 ఆగస్టు 12న, ఆయన కుమారుడు శ్రీనివాస్ తన తొలి చిత్రం ‘ప్రేమ పుస్తకం’ తీస్తూ విశాఖ సముద్ర తీరంలో అలలకి బలైపోయాడు. చెట్టంత కొడుకు పోయిన తండ్రి మంచం పట్టినా ఎవరూ తప్పుపట్టరు. ఈయన కొడుకు సగంలో వదిలిన చిత్రాన్ని తానే పూర్తిచేశారు. 1993లో అది విడుదలైంది. ఆ తరవాత కొడుకు పేర ఒక అవార్డు పెట్టి, ఏ భాషలోనైనా సరే, మొదటి చిత్రం తీసిన కొత్త దర్శకుడికి ఏటా ఇచ్చేవారు. ‘తారే జమీన్ పర్’ తీసిన ఆమిర్ ఖాన్ కూడా అందుకున్న అవార్డు అది. తన బిడ్డకి దక్కని రెండో సినిమా పరాయి బిడ్డలకైనా దక్కాలన్నమాట. దుఃఖాన్ని ఇంతకన్నా మర్యాదగా మొయ్యడం ఎవరివల్ల అవుతుంది?

ఆయన తన ఆత్మకథకి ‘అమ్మ కడుపు చల్లగా’ అని పేరు పెట్టుకున్నారు. 2019 డిసెంబరు 12న, ఎనభై యేళ్ళ వయసులో, చెన్నైలో కన్నుమూశారు.

సోదరీమణులారా! పిల్లలు పెద్దవాళ్ళయ్యాక ‘ఇంకేముందిలే, మన పనైపోయింది’ అని నిట్టూర్చే అలవాటు మనలో చాలామందికి వుంది. రేడియోలో స్థిరమైన ఉద్యోగం చేసుకుంటున్న మనిషి నలభై దాటాక మొహానికి రంగు పూసుకుని రెండు వందలకు పైగా చిత్రాల్లో నటించారు. మనకీ చిన్నప్పుడు చేతికొచ్చిన విద్య ఏదో ఒకటి వుండే వుంటుంది. వీణో, కుట్టుపనో, నాలుగు ముక్కలు రాయడమో. దాన్ని అటకమీంచి దింపి దుమ్ము దులపడానికి నలభై అయితేనేం, యాభై అయితేనేం!